పి దగ్గర కదలని గేర్ లివర్: ఆటోమేటిక్ కారు యజమానులకు సమగ్ర మార్గదర్శి

సంక్రాంతి సెలవులకు హైదరాబాదు నుంచో బెంగళూరు నుంచో నరసన్నపేటకు వచ్చిన కొడుకు, అమ్మానాన్నల కోసం కొని ఇంటి ముందు నిలిపి వెళ్ళిన ఆటోమేటిక్ కారులో వారిని అరసవల్లి దర్శనానికి తీసుకువెళ్ళాలని తెల్లవారకముందే లేచి సిద్ధమవుతాడు. కారు తలుపు తెరుచుకుంటుంది, డ్యాష్‌బోర్డు మీద దీపాలు మసకగా వెలుగుతాయి, గేర్ లివర్ మాత్రం పి (పార్కు, అంటే బండిని నిలిపి ఉంచే స్థానం) అన్న అక్షరం దగ్గర నుంచి వెంట్రుకవాసి కూడా కదలదు. మన శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల్లో పిల్లలు దూరాన ఉద్యోగాల్లో ఉండగా ఇంటి ముందు నెలల తరబడి నిలిచిపోయే కార్లు చాలానే ఉన్నాయి కనుక, పండుగ రోజుల్లో ఈ ఫిర్యాదు నాకు తరచుగా వినిపిస్తుంది. విజయనగరంలో చాలా ఏళ్ళుగా ఆటోమేటిక్ కారు నడుపుతున్నవాణ్ణి కావడంతో, బంధువుల్లో ఎవరి బండి ఇలా మొరాయించినా మెకానిక్కు కంటే ముందు నాకే ఫోను చేస్తారు. అప్పుడు నేను ఫోనులో వరుసగా అడిగే ప్రశ్నలనే ఇక్కడ వివరంగా రాస్తున్నాను.

అన్నిటికంటే ముందు చెప్పవలసిన మాట ఒకటి ఉంది: లివర్‌ను బలంగా గుంజవద్దు. చాలా సందర్భాల్లో అది పాడై ఆగిపోలేదు. వదలడానికి తనకు అందవలసిన సంకేతం అందక ఆగి ఉంది. ఆ సంకేతం ఏ దారిలో తెగిపోయిందో వెతకకుండా బలం చూపిస్తే, పది నిమిషాల్లో తేలిపోయే చిన్న లోపం కాస్తా లివర్ కింది ప్లాస్టిక్ భాగాలు విరిగి మొత్తం అమరికనే మార్చవలసిన ఖర్చుగా మారుతుంది.

ఒకటి కాదు, రెండు గడియలు

ఆటోమేటిక్ కారులో పి వేసినప్పుడు రెండు వేర్వేరు చోట్ల గడియ పడుతుంది. మొదటిది గేర్‌బాక్సు లోపల ఉంటుంది. చక్రాల వైపు తిరిగే ఇరుసుకు అమర్చిన ఒక పళ్ళచక్రంలోకి చిన్న ఇనుప కొక్కెం దిగి, ఆ ఇరుసు తిరగకుండా పట్టుకుంటుంది. రెండవది మన చేతి పక్కన, లివర్ కింద, కన్సోలు లోపల ఉంటుంది. ఇది విద్యుత్తుతో పనిచేసే సొలినాయిడ్. ఇగ్నిషన్ ఆన్‌లో ఉండి, బ్రేకు పెడలు నొక్కినట్టు సంకేతం అందితేనే ఇది పక్కకు తప్పుకొని లివర్‌కు దారి ఇస్తుంది. ఈ రెండింటిలో ఏది వదలడం లేదో గుర్తించడమే అసలు పని, ఎందుకంటే లివర్ దగ్గరి పై గడియకు కారణాలు దాదాపుగా కరెంటుకు సంబంధించినవి, గేర్‌బాక్సులోని కింది గడియకు కారణాలు దాదాపుగా బరువుకూ వాలుకూ సంబంధించినవి.

పై గడియ వెనుక ఒక చరిత్ర ఉంది. 1980 దశకంలో అమెరికాలో ఆడి 5000 కార్లు వాటంతట అవే దూసుకుపోతున్నాయన్న ఆరోపణలు పెద్ద వివాదం కాగా, 1987లో ఆ సంస్థ బ్రేకు నొక్కితే తప్ప పి నుంచి లివర్ రాకుండా ఆపే ఏర్పాటును ఆ కార్లకు అమర్చింది. 1989లో వెలువడిన అక్కడి ప్రభుత్వ భద్రతా సంస్థ నివేదిక, డ్రైవర్లు బ్రేకు అనుకొని యాక్సిలరేటరు నొక్కడమే అటువంటి ప్రమాదాల్లో ఎక్కువ వాటికి కారణమని తేల్చింది. ఆ తరువాత ఈ గడియ ఇతర సంస్థల కార్లలోకీ వచ్చింది. అంటే, ఈ రోజు మిమ్మల్ని ఇంటి ముందు నిలబెట్టిన ఆ చిన్న పరికరం మనుషుల ప్రాణాలు కాపాడడానికి పుట్టినది. దాన్ని గౌరవించే మరమ్మతు చేయాలి.

ఇక్కడే ఒక విషయం సరిచూసుకోండి. 2014లో మారుతి సెలెరియోతో మన దేశంలో ప్రాచుర్యంలోకి వచ్చిన ఏఎంటీ (చేతితో మార్చే గేర్‌బాక్సునే యంత్రం చేత మార్పించే రకం) కార్లలో సాధారణంగా పి అనే స్థానమే ఉండదు. ఆర్ (వెనక్కి), ఎన్ (ఏ గేరూ పడని న్యూట్రల్), డి (ముందుకు), ఎం (గేరు మనమే మార్చుకునేది) మాత్రమే ఉంటాయి. ఏఎంటీని గేరులో ఉంచి ఆపడం, ఎన్‌లో బ్రేకు నొక్కి స్టార్టు చేయడం వేరే పద్ధతి. ఈ వ్యాసం పి ఉన్న కార్లకు, అంటే టార్క్ కన్వర్టర్, సీవీటీ, డ్యూయల్ క్లచ్ అనే మిగతా ఆటోమేటిక్ గేర్‌బాక్సు రకాలకు వర్తిస్తుంది.

చేయి వేసే ముందు

కింది గడియ ఏ క్షణాన వదిలినా కారు కదలడానికి సిద్ధంగా ఉంటుందన్న ఎరుకతోనే ప్రతి ప్రయత్నమూ చేయాలి. హ్యాండ్ బ్రేకును పూర్తిగా పైకి లాగండి. వాలు ఏ వైపు ఉందో చూసి, పల్లం వైపున రెండు చక్రాలకు రాళ్ళు గానీ ఇటుకలు గానీ అడ్డం పెట్టండి. కారు ముందూ వెనుకా ఎవరూ, ముఖ్యంగా పిల్లలు, నిలబడకుండా చూడండి. జాతీయ రహదారి 16 మీద ఆగిపోయి ఉంటే ముందుగా నాలుగు ఇండికేటర్లు వేసి, ప్రయాణికులను దించి రోడ్డు అంచుకు అవతల నిలబెట్టి, ఆ తరువాతే లివర్ సంగతి చూడండి. రహదారి సహాయానికి 1033 నంబరు పనిచేస్తుంది.

మొదటి మెట్టు: పెడలు కిందా, తాళం దగ్గరా

చిన్న విషయాలే అయినా వీటిని దాటి వెళ్ళవద్దు. బ్రేకు పెడలు కింద నీళ్ళ సీసా దొర్లి ఉందేమో, మందపాటి కొత్త మ్యాటు మడతపడి పెడలును పూర్తిగా దిగనివ్వడం లేదేమో వంగి చూడండి. పెడలు సగమే దిగితే కొన్ని కార్లలో సంకేతం వెళ్ళదు. ఇంజిన్ ఆపి ఉన్నప్పుడు పెడలును మూడు నాలుగు సార్లు నొక్కితే అది రాయిలా గట్టిపడుతుంది. అది లోపం కాదు, బ్రేకుకు సాయపడే వాక్యూమ్ అయిపోవడం. అప్పుడు మామూలుకంటే బాగా ఎక్కువ బలంతో ఒక్కసారి నొక్కి పట్టుకోవాలి. వయసు మళ్ళినవారు బండి తీసే ఇళ్ళలో సమస్య ఇక్కడే తీరిపోవడం నేను చాలాసార్లు చూశాను.

తాళంచెవి ఉన్న కారులో దాన్ని ఆన్ స్థానం వరకు తిప్పాలి. అంతకు ముందున్న ఏసీసీ స్థానంలో పాటలు వస్తాయి గానీ గడియ వదలదు. బటన్ స్టార్టు కారులో బ్రేకు నొక్కకుండా బటన్‌ను ఒకసారి నొక్కితే ఏసీసీ, రెండోసారి నొక్కితే ఆన్ రావడం సాధారణ పద్ధతి. తాళంచెవి అసలు తిరగకపోతే స్టీరింగు బిగుసుకొని ఉండవచ్చు; స్టీరింగును అటూ ఇటూ కొద్దిగా కదుపుతూ తాళం తిప్పండి. లివర్ మీద బటన్ ఉన్న కార్లలో ఆ బటన్ పూర్తిగా లోపలికి దిగుతోందో లేదో కూడా గమనించి ఉంచుకోండి, దాని అవసరం తరువాత పడుతుంది.

రెండవ మెట్టు: బ్రేకు లైట్లు ఏం చెబుతున్నాయి

ఒక్క పరీక్షే చేసే వీలుంటే ఇదే చేయమంటాను. ఇగ్నిషన్ ఆన్ చేసి, బ్రేకు నొక్కి పట్టుకొని, వెనుక ఎరుపు లైట్లు వెలుగుతున్నాయో లేదో ఒకరిని చూడమనండి. ఒంటరిగా ఉంటే కారు వెనుక గోడ మీద పడే ఎర్రని వెలుతురును అద్దంలో చూసుకోవచ్చు, లేదా ఫోనును వెనుక నిలబెట్టి వీడియో తీసుకోవచ్చు. పెడలు పైభాగంలో ఉండే ఒక చిన్న బ్రేకు స్విచ్చే వెనుక లైట్లకూ, లివర్ గడియకూ సమాచారం పంపుతుంది. అందువల్ల కారు వెనుక కనిపించే వెలుతురు, కారు లోపల మనకు కనిపించని గడియ పరిస్థితిని చెప్పే సాక్ష్యం అవుతుంది.

కుడి, ఎడమ, పైన ఉండే మూడవది, ఈ మూడు లైట్లలో ఒకటి మాత్రమే వెలగకపోతే అది బల్బు సమస్య. గడియకు దానితో సంబంధం తక్కువ. మూడూ వెలగకపోతే అనుమానం ఫ్యూజు మీదకో బ్రేకు స్విచ్చి మీదకో పోవాలి. ఫ్యూజుల పెట్టెలు సాధారణంగా రెండు ఉంటాయి: ఒకటి డ్రైవరు మోకాలి దగ్గర డ్యాష్‌బోర్డు కింద, రెండవది బానెట్ లోపల. మూత వెనుక బొమ్మలో స్టాప్ అని గానీ బ్రేకు లైటు గుర్తుతో గానీ ఉన్న ఫ్యూజును, ఇగ్నిషన్ ఆపిన తరువాత, పెట్టెలోనే ఉండే చిన్న ప్లాస్టిక్ పటకారుతో తీసి వెలుతురుకు ఎదురుగా పట్టుకోండి. లోపలి సన్నని తీగ తెగి ఉంటే ఫ్యూజు పోయినట్టే. ఎరుపు రంగుది 10 ఆంపియర్లు, నీలం 15, పసుపు 20. పోయిన దాని స్థానంలో అదే రంగుది వేయాలి. అందుబాటులో లేదని పెద్దది వేయడం, రాగి తీగ చుట్టడం మాత్రం ఎట్టి పరిస్థితిలోనూ చేయవద్దు. ఫ్యూజు కాలడానికి బదులు వైరింగు కాలుతుంది.

కొత్త ఫ్యూజు వేయగానే మళ్ళీ పోయిందంటే ఎక్కడో తీగలు ఒకదానికొకటి తగులుతున్నాయని అర్థం. వెనుక డిక్కీ తలుపు తెరిచినప్పుడల్లా వంగే తీగల కట్ట దగ్గరా, వేడికి కరిగిన బల్బు హోల్డరు దగ్గరా, రివర్సు కెమెరా కోసం బయట ఎక్కడో బ్రేకు లైటు తీగకు అతుకు వేసిన చోటా ఎక్కువగా ఇది జరుగుతుంది. మన పల్లెల్లో మరో కారణం ఎలుకలు. కోతలు అయ్యాక ధాన్యం బస్తాలూ గడ్డికుప్పలూ ఉన్న పెరట్లో కారు నిలిపితే, వెచ్చదనం కోసం, గూడు కోసం అవి బండిలో చేరి తీగల పైతొడుగును కొరికేస్తాయి. మూడోసారి ఫ్యూజు మార్చే బదులు అక్కడితో ఆపి ఎలక్ట్రీషియన్‌ను పిలవడం మంచిది.

ఫ్యూజు బాగుంటే, ఫోను టార్చి వేసుకొని పెడలు పైభాగం చూడండి. పెడలు కడ్డీకి ఎదురుగా చిన్న మొనతో ఉన్న స్విచ్చి, దానికి తగిలించిన తీగల కప్లరు కనిపిస్తాయి. కప్లరు వదులుగా ఉంటే గట్టిగా లోపలికి నొక్కండి. కళింగపట్నం, బారువ, చింతపల్లి వంటి తీరంలోని ఊళ్ళలో ఉప్పుగాలికి కప్లరు లోపలి పిన్నులు ఆకుపచ్చగా తుప్పు పట్టడం మామూలే. వాటిని కాంటాక్టు క్లీనర్‌తో శుభ్రం చేయించాలి. స్విచ్చి మొనను వేలితో నొక్కి వదిలినప్పుడు లైట్లలో మార్పేమీ రాకపోతే స్విచ్చే మార్చవలసి ఉంటుంది. స్విచ్చి విప్పడం, దాని దూరం సరిచేయడం ఒకసారి అలవాటైనవారికి తేలికే అయినా, దూరం తప్పుగా పెడితే బ్రేకు లైట్లు ఎప్పుడూ వెలుగుతూనో, ఎప్పుడూ వెలగకుండానో ఉండిపోతాయి గనుక మొదటిసారి మెకానిక్ చేత చేయించుకోవడమే నా సలహా.

ఇందులో ఒక తిరకాసు ఉంది. కొన్ని కార్లలో పెడలు కడ్డీకి, స్విచ్చి మొన ఆనే చోట, రూపాయి నాణెం కంటే చిన్నదైన రబ్బరు గానీ ప్లాస్టిక్ గానీ బిళ్ళ ఉంటుంది. ఏళ్ళు గడిచేకొద్దీ అది ఎండి పొడిపొడిగా రాలిపోతుంది. అప్పుడు స్విచ్చి మొన ఆ ఖాళీ రంధ్రంలోకి దూరి, బ్రేకు ఎప్పుడూ నొక్కే ఉందని కారుకు చెబుతూ ఉంటుంది. ఫలితంగా తాళం వేసి వెళ్ళిన తరువాత కూడా వెనుక లైట్లు రాత్రంతా వెలిగి బ్యాటరీని పీల్చేస్తాయి, తెల్లవారేసరికి గడియను కదిపే కరెంటు కూడా మిగలదు. మా బావగారి కారు ఒకసారి ఇలాగే రెండు వారాల్లో రెండుసార్లు ఆగిపోయింది. రెండుసార్లూ అందరం బ్యాటరీనే తిట్టుకున్నాం, కొత్త బ్యాటరీ కూడా వేయించాం. చివరికి వారి పొరుగింటావిడ, రాత్రిళ్ళు మీ కారు వెనుక ఎర్రగా వెలుగుతోందేమిటని అడిగితే గానీ ఎవరికీ అసలు సంగతి తట్టలేదు. పెడలు కింద కాళ్ళ దగ్గర ప్లాస్టిక్ తునకలు రాలి కనిపిస్తే వాటిని ఊడ్చి పారేయకుండా మెకానిక్‌కు చూపించండి.

లైట్లు సక్రమంగా వెలిగినంత మాత్రాన స్విచ్చి పూర్తిగా నిర్దోషి అనుకోవడానికి లేదు. చాలా కార్లలో ఆ స్విచ్చిలో రెండు జతల కాంటాక్టులు ఉంటాయి; ఒకటి లైట్లకు, మరొకటి కారు కంప్యూటరుకు. మొదటిది బాగుండి రెండవది పోతే లైట్లు వెలుగుతాయి, గడియ వదలదు. దాన్ని మెకానిక్ కారు కంప్యూటరును చదివే స్కానరు తగిలించి చూస్తేనే తెలుస్తుంది.

మూడవ మెట్టు: బ్యాటరీ

నెలల తరబడి నిలిచిన కారైతే ఇది రెండవ మెట్టుకు ముందే చూడవలసినది. డ్యాష్‌బోర్డు దీపాలు మసకగా ఉన్నా, సెల్ఫు కొట్టినప్పుడు టకటక మని మాత్రమే వినిపించినా బ్యాటరీ డౌన్ అయినట్టే. మల్టీమీటరు ఉంటే, బండి కొన్ని గంటలు నిలిచి ఉన్న తరువాత బ్యాటరీ కొసల మధ్య కొలవండి: 12.6 వోల్టుల దగ్గర ఉంటే నిండుగా ఉంది, 12.2 అంటే దాదాపు సగం, 12 కంటే దిగువన ఉంటే చార్జింగు తప్పనిసరి. కొలిచే ముందు కొసల మీద తెల్లగా పేరుకున్న పొడిని వేడినీళ్ళలో వంటసోడా కలిపి కడిగి, తుడిచి, క్లాంపులు బిగించండి. సముద్రం దగ్గరి ఊళ్ళలో ఒక్కోసారి ఈ శుభ్రతతోనే బండి లేస్తుంది.

మన ఊళ్ళలో కారు లేవకపోతే వెంటనే నలుగురు చేరి తోద్దామంటారు. ఆటోమేటిక్ కారు తోస్తే స్టార్టు కాదు. గేర్‌బాక్సు లోపలి క్లచ్చిలను పట్టించే ఆయిల్ ఒత్తిడి ఇంజిన్ తిరిగితేనే పుడుతుంది. చక్రాలు తిప్పినంత మాత్రాన ఇంజిన్ తిరగదు. పైగా పి పడి ఉన్న కారును తోయడమంటే ఆ ఇనుప కొక్కెం మీద బరువంతా వేయడమే.

చేయవలసినది జంపర్ కేబుళ్ళతో మరో బండి బ్యాటరీ నుంచి కరెంటు అందించడం. ఈ విషయంలో ఒక హెచ్చరిక బాగా గుర్తుంచుకోండి: పక్కింటి కారుదైనా, చాలా ట్రాక్టర్లదైనా 12 వోల్టుల బ్యాటరీయే కనుక పనికివస్తుంది, పెద్ద లారీలు, బస్సులు 24 వోల్టులతో నడుస్తాయి. సాయం చేద్దామని లారీ డ్రైవరు ముందుకు వచ్చినా అంగీకరించవద్దు, కారులోని కంప్యూటర్లన్నీ ఒక్క క్షణంలో కాలిపోయే ప్రమాదం ఉంది. ట్రాక్టరు విషయంలోనూ బ్యాటరీ మీద రాసి ఉన్న అంకెను కళ్ళతో చూసిన తరువాతే తీగ తగిలించండి.

రెండు బండ్లూ ఒకదానికొకటి తగలకుండా, రెండింటి ఇంజిన్లూ ఆపి ఉంచండి. ఎర్ర తీగను ముందు డౌన్ అయిన బ్యాటరీ ప్లస్‌కు, తరువాత మంచి బ్యాటరీ ప్లస్‌కు తగిలించండి. నల్ల తీగను మంచి బ్యాటరీ మైనస్‌కు తగిలించి, దాని రెండో కొసను మీ కారు బ్యాటరీకి కాకుండా, దానికి కొంత దూరంగా ఇంజిన్ మీద పెయింటు లేని లోహపు భాగానికి పట్టించండి. చివరి కొస తగిలేటప్పుడు నిప్పురవ్వ లేస్తుంది, బ్యాటరీ దగ్గర మండే వాయువు ఉండవచ్చు. అందుకే ఈ దూరం. సాయం చేస్తున్న బండిని స్టార్టు చేసి ఐదారు నిమిషాలు ఆగిన తరువాత మీ కారులో ఇగ్నిషన్ ఆన్ చేసి, బ్రేకు నొక్కి, స్టార్టు చేసి, లివర్ కదిపి చూడండి. తీగలను తగిలించిన వరుసకు తిరగేసి తీయాలి. ఇంజిన్ నడుస్తున్నప్పుడు బ్యాటరీ దగ్గర సుమారు 13.5 నుంచి 14.5 వోల్టులు రావాలి. రాకపోతే బ్యాటరీకి చార్జింగు ఇచ్చే ఆల్టర్నేటరు కూడా చూపించుకోవాలి. ఊళ్ళో ఉండే పెద్దవారికి వారానికి ఒక్కసారైనా అరగంట బండి నడిపించమని, నడపలేకపోతే తెలిసిన డ్రైవరును పిలిపించమని చెప్పి వెళ్ళడం, తిరిగి వచ్చినప్పుడు ఈ అవస్థ లేకుండా చేస్తుంది.

నాలుగవ మెట్టు: వాలు మీద నిలిపిన కారు

శృంగవరపుకోట దాటి అనంతగిరి ఘాటు ఎక్కేటప్పుడు, దారిలో ఏదో ఒక మలుపు దగ్గర ఆపి లోయ చూడని కుటుంబం ఉండదు. ఆ వాలులో చాలామంది బ్రేకు నొక్కి, నేరుగా పి వేసి, పాదం తీసి, ఆ తరువాత గుర్తుంటే హ్యాండ్ బ్రేకు లాగుతారు. పాదం తీసిన క్షణంలో కారు ఒక అంగుళం జారి టక్కుమని ఆగుతుంది. అది హ్యాండ్ బ్రేకు మీద ఆగినది కాదు, గేర్‌బాక్సులోని కొక్కెం మీద ఆగినది. వెయ్యి కిలోలకు పైబడిన బరువు ఆ చిన్న కొక్కేన్ని పళ్ళ మధ్య బిగించి పట్టుకుంటుంది. తిరిగి వచ్చి లివర్ లాగితే బటన్ దిగుతుంది, బ్రేకు లైట్లు వెలుగుతాయి, అయినా లివర్ రాదు. ఇది కింది గడియ సమస్య అనడానికి ఆనవాలు ఇదే.

ఇంజిన్ స్టార్టు చేసి, బ్రేకును గట్టిగా నొక్కి పట్టుకొని, లివర్‌ను కుదుపులు లేకుండా స్థిరమైన బలంతో లాగండి. చాలాసార్లు ఢక్కున శబ్దంతో వస్తుంది. ఆ శబ్దానికి భయపడనక్కరలేదు. రాకపోతే కొక్కెం మీద బరువు తగ్గించాలి. పల్లం వైపు చక్రాలకు రాళ్ళు సిద్ధంగా ఉంచి, డ్రైవరు హ్యాండ్ బ్రేకు దించి, బ్రేకు పెడలు మీద పాదాన్ని ఆనించి ఉంచగా, ఇద్దరు ముగ్గురు తలుపుల స్తంభాలను పట్టుకొని పక్కల నుంచి కారును ఎగువకు నెట్టాలి. అది కాస్త ఎగువకు కదిలిన క్షణంలో డ్రైవరు బ్రేకు బలంగా నొక్కి, హ్యాండ్ బ్రేకు లాగి, అప్పుడు లివర్ ఎన్‌కు తేవాలి. కారుకు పల్లం వైపున ఎవరూ నిలబడకూడదు. ఇది మోస్తరు వాలులో చేయదగిన పని. ఘాటు మలుపులో, వర్షంలో, చీకట్లో చేయవద్దు. వించి (ఉక్కు తాడు చుట్టి లాగే యంత్రం) ఉన్న రికవరీ బండి వచ్చేవరకు ఆగండి. నేను ఒకసారి ఆ ఘాటులోనే రెండు గంటలు ఆగాను, దానికి ఇప్పటికీ చింతించడం లేదు.

మళ్ళీ ఇలా జరగకుండా ఉండాలంటే నిలిపే వరుస మార్చుకోవాలి. బ్రేకు నొక్కి కారు ఆపండి. లివర్ ఎన్‌కు తెచ్చి హ్యాండ్ బ్రేకు లాగండి. పాదాన్ని నెమ్మదిగా తీసి కారు బరువు హ్యాండ్ బ్రేకు మీద కుదురుకోనివ్వండి. మళ్ళీ బ్రేకు నొక్కి అప్పుడు పి వేయండి.

ఐదవ మెట్టు: ఆ టిక్కు మనే శబ్దం

నేల సమంగా ఉండి, బ్యాటరీ, లైట్లు బాగుండి కూడా లివర్ రాకపోతే, కారులో ఏసీ, పాటలు ఆపి, ఇగ్నిషన్ ఆన్‌లో బ్రేకు నొక్కుతూ వదులుతూ లివర్ దగ్గర చెవి పెట్టి వినండి. నొక్కిన ప్రతిసారీ టిక్కుమని వినిపిస్తే సొలినాయిడ్ పనిచేస్తోంది. అడ్డు ఏదో లివర్ భాగాల్లోనే ఉంది. అసలు శబ్దమే లేకపోతే సొలినాయిడ్ గానీ దానికి వచ్చే తీగ గానీ పోయి ఉండవచ్చు. అడ్డు విషయంలో నాకు ఎదురైనవి చిల్లర నాణేలు, చిన్నపిల్లల బిస్కెట్ ముక్కలు, అన్నిటికంటే ఎక్కువగా ఒలికిన తీపి టీ, కూల్‌డ్రింకు. పంచదార పాకం ఎండి జిగురుగా మారి బటన్‌ను, దాని కింది కడ్డీని పట్టేస్తుంది. పైపైన తడిగుడ్డతో తుడవడం, చీలికల్లో వ్యాక్యూమ్ క్లీనరు పట్టడం మీరు చేయవచ్చు. కన్సోలు లోపలికి నీళ్ళు, నూనె పోయడం మాత్రం వద్దు, అక్కడ కరెంటు కాంటాక్టులు ఉంటాయి.

బయటపడే దారి: షిఫ్టు లాకు విడుదల

చాలా కార్లలో లివర్ పక్కన గోరంత మూత ఉంటుంది, కొన్నింటిలో షిఫ్టు లాకు అని రాసి ఉన్న బటన్ నేరుగా కనిపిస్తుంది. హ్యాండ్ బ్రేకు లాగి, ఇగ్నిషన్ ఆపి లేదా మాన్యువల్‌లో చెప్పిన స్థానంలో ఉంచి, బ్రేకు నొక్కి, మూతను గుడ్డ చుట్టిన చిన్న స్క్రూడ్రైవరుతో లేపి, లోపలి మీటను తాళంచెవితో గానీ స్క్రూడ్రైవరుతో గానీ నొక్కి పట్టుకొని లివర్‌ను ఎన్‌కు తేవాలి. కొన్ని బండ్లలో కన్సోలు ట్రే గానీ రబ్బరు మ్యాటు గానీ తీస్తే తప్ప ఆ మీట కనబడదు. మీ బండి మాన్యువల్ తిరగేయక తప్పదు. మాన్యువల్ కారులోనే ఉంచే అలవాటు ఇందుకే.

ఈ మీట వల్ల లివర్ వచ్చింది కదా అని బండిని రోజూ అలాగే నడిపేవారిని చూస్తే నాకు నిజంగా ఆందోళన కలుగుతుంది. లివర్ రాకపోవడానికి బ్రేకు స్విచ్చి కారణమైతే, ఆ కారుకు బ్రేకు లైట్లు కూడా లేకపోవచ్చు. అలాంటప్పుడు మడపాం టోల్‌గేటు దగ్గర మీరు వేగం తగ్గించినప్పుడు వెనుక వస్తున్న లారీకి ఆ సంగతి తెలిసే మార్గం లేదు. లైట్లు వెలగని పక్షంలో ఈ మీటను కారును నీడలోకో, రోడ్డు పక్కకో, రికవరీ బండి మీదకో జరపడానికి మాత్రమే వాడండి.

గుండ్రని మీటతో గానీ బటన్లతో గానీ గేరు మార్చే కొత్త కార్లలో చేతితో విడిపించే మీట సాధారణంగా పైకి కనబడదు. అక్కడ లివర్‌కూ గేర్‌బాక్సుకూ మధ్య తీగ సంకేతం తప్ప మరేమీ లేదు కనుక, బ్యాటరీకి ప్రాణం పోయడమే మొదటి పని.

లివర్ వచ్చింది, కారు కదలడం లేదు

లివర్ వెన్నలా సులువుగా కదులుతూ కారు మాత్రం నిలిచి ఉంటే, లివర్ నుంచి గేర్‌బాక్సుకు వెళ్ళే కేబులు కొసన ఉండే ప్లాస్టిక్ బుష్ విరిగి ఉండవచ్చు. పైన ఎన్ చూపించినా కింద పి అలాగే ఉంటుంది, లేదా అంతకంటే ప్రమాదకరంగా, పైన పి చూపించినా కింద గడియ పడదు. అటువంటి కారును వాలులో వదలకండి. లివర్ మామూలుగానే వచ్చి, డి వేసినప్పుడు కారు ముందుకు ఎత్తినట్టయి ఆగిపోతే హ్యాండ్ బ్రేకును అనుమానించండి: వానల తరువాత చాలా రోజులు హ్యాండ్ బ్రేకు వేసి నిలిపిన కారులో వెనుక బ్రేకులు తుప్పుతో అతుక్కుపోతాయి.

వరదనీరు సీటు ఎత్తుకు చేరిన కారుకు పై మెట్లేవీ వర్తించవు. 2018 అక్టోబరులో తిత్లీ తుపాను పలాస దగ్గర తీరం దాటినప్పటి వంటి పరిస్థితి వచ్చి కారు మునిగితే, ఇగ్నిషన్ ఆన్ చేయకుండా, బ్యాటరీ మైనస్ క్లాంపు తీసేసి వర్క్‌షాపుకు తరలించండి.

తరలించేటప్పుడు, తిరిగి తెచ్చుకునేటప్పుడు

మన రోడ్ల మీద తిరిగే ఆటోమేటిక్ కార్లలో ఎక్కువ వాటికి ముందు చక్రాలే నడిపేవి. వాటిని నేల మీద ఉంచి తాడు కట్టి లాగితే గేర్‌బాక్సు దెబ్బతింటుంది. పళ్ళెం లాంటి బల్ల ఉన్న రికవరీ బండినే అడగండి. అది దొరకకపోతే కనీసం ముందు చక్రాలు గాలిలో ఉండేలా, హ్యాండ్ బ్రేకు దించి తీసుకువెళ్ళాలి. మెకానిక్‌కు గేరు పడడం లేదు అని మాత్రమే చెప్పి ఊరుకోకుండా, బ్రేకు లైట్లు వెలిగాయా, టిక్కుమని వినిపించిందా, బ్యాటరీ వోల్టు ఎంత ఉంది, వాలులో నిలిపారా, విడుదల మీటతో వచ్చిందా అన్న ఐదు సంగతులూ చెప్పండి. వెతుకులాటలో సగం అక్కడే తీరుతుంది.

బండి తిరిగి చేతికి వచ్చినప్పుడు వర్క్‌షాపు ఆవరణలోనే, సమతలం మీద, హ్యాండ్ బ్రేకు లాగి, ఇంజిన్ నడుస్తుండగా, బ్రేకు నొక్కకుండా లివర్ లాగి చూడండి. అది రాకూడదు. మా బంధువుల కారు ఒకటి ఒక షెడ్డు నుంచి చాలా తక్కువ ఖర్చుతో బాగై వచ్చింది. నెల తరువాత చూస్తే, పోయిన సొలినాయిడ్‌ను మార్చకుండా దాన్ని వెనక్కి లాగి ప్లాస్టిక్ తాడుతో కట్టేశారు. లివర్ హాయిగా వచ్చేది, ఎవరు లాగినా వచ్చేది, ముందు సీటులో ఆడుకునే ఆరేళ్ళ పిల్లవాడు లాగినా వచ్చేది. ఆ ఇంటి ముందు గచ్చు వీధి వైపు వాలి ఉంటుంది. మర్నాడే ఆ తాడు కోయించి కొత్త సొలినాయిడ్ వేయించాం.